స్కాటిష్ క్లబ్ కప్ చరిత్రను లెక్క తప్పకుండా రాయడం ఎలా

1879 స్కాటిష్ కప్ ఫుట్‌బాల్ ఫైనల్‌లో వేల్ ఆఫ్ లీవెన్, రేంజర్స్ మధ్య మ్యాచ్ 1-1తో డ్రా అయింది. కప్పు మాత్రం వేల్ ఆఫ్ లీవెన్‌కు దక్కింది. 1889లో థర్డ్ లానర్క్ 3-0తో సెల్టిక్‌ను ఓడించింది, అయినా వారం తిరిగాక మళ్లీ ఆడాల్సి వచ్చింది. 1909లో సెల్టిక్, రేంజర్స్ రెండుసార్లు తలపడినా కప్పు ఎవరికీ ఇవ్వలేదు. స్కాట్లాండ్ ఫుట్‌బాల్ రికార్డు రాసేవాళ్లు మొదట పట్టుకోవాల్సింది ఈ తేడానే: మైదానంలో జరిగింది ఒకటి, రికార్డులో నిలిచింది ఇంకొకటి. రెండింటినీ ఒకే గడిలో ఇరికిస్తే ఎక్కడో ఒకచోట లెక్క తప్పుతుంది.

క్విజ్ కోసమైనా, తెలుగు వికీపీడియా వ్యాసం కోసమైనా, ఒక క్లబ్ మీద ఇష్టంతోనైనా పద్ధతి ఒక్కటే. మొదట ఒక్క క్లబ్, ఒక్క కప్పు, పదేళ్ల కాలం తీసుకోండి. అది కుదిరాక మిగతావి.

ఆ పేరుతో ఉన్నది ఏ క్లబ్?

పేరు చూసి క్లబ్‌ను నిర్ణయించకండి. 1890లలో స్కాటిష్ కప్ ఆడిన అబర్డీన్, ఇప్పుడున్న అబర్డీన్ ఒకటి కావు. పాతది 1881లో పుట్టింది. అదీ, ఓరియన్, విక్టోరియా యునైటెడ్ అనే మరో రెండు క్లబ్‌లూ కలిసి 1903లో నేటి క్లబ్ అయ్యాయి. డండీ కూడా అంతే: అవర్ బాయ్స్, ఈస్ట్ ఎండ్ కలిసి 1893లో ఏర్పడింది. డండీ యునైటెడ్ 1909లో డండీ హిబర్నియన్‌గా మొదలై 1923లో పేరు మార్చుకుంది. ఇక్కడ క్లబ్ అదే, మారింది పేరు మాత్రమే. విలీనానికీ పేరు మార్పుకీ వేర్వేరు గుర్తులు పెట్టుకోండి. విలీనమైతే పాత క్లబ్‌ల విజయాలను కొత్త క్లబ్ ఖాతాలో వేయకూడదు. పేరు మాత్రమే మారితే వేయాలి.

మెడోబ్యాంక్ థిజిల్ 1995లో ఎడిన్‌బరా వదిలి వెళ్లి లివింగ్‌స్టన్ అయింది. అంతకు ముందు దాని పేరు ఫెరాంటీ థిజిల్. ఇన్వర్‌నెస్ కాలడోనియన్ థిజిల్ 1994లో రెండు క్లబ్‌ల కలయికతో వచ్చింది. అన్నింటికన్నా చిక్కుగా ఉండేది ఎయిర్‌డ్రీ. 1924లో కప్పు గెలిచిన ఎయిర్‌డ్రియోనియన్స్ 2002లో మూతపడింది. అదే ఏడాది క్లైడ్‌బ్యాంక్ క్లబ్‌ను కొని, దాని లీగ్ స్థానంలో ఎయిర్‌డ్రీ యునైటెడ్‌ను నిలబెట్టారు. ఆ క్లబ్‌ 2013లో ఎయిర్‌డ్రియోనియన్స్ అనే పాత పేరు తెచ్చుకుంది. ఇలాంటిచోట ఒక్క వరుసలో సర్దేయకుండా, కింద రెండు వాక్యాల వివరణ రాయడమే నిజాయితీ.

రేంజర్స్ విషయం ఇంకా సున్నితం. 2012లో క్లబ్‌ను నడిపిన పాత కంపెనీ లిక్విడేషన్‌కు (ఆస్తులు అమ్మి మూసేయడానికి) వెళ్లింది. కొత్త కంపెనీ కింద జట్టు నాలుగో అంచె నుంచి ఆడుతూ పైకి వచ్చింది. లీగ్ రికార్డుల్లో ముందూ తర్వాతా వచ్చిన ట్రోఫీలు ఒకే క్లబ్ కింద ఉన్నాయి. ప్రత్యర్థి అభిమానుల్లో చాలామంది దాన్ని ఒప్పుకోరు. "కంపెనీ", "క్లబ్" అని రెండు పంక్తులు విడిగా రాసి, లెక్క ఏ పద్ధతిలో వేశారో ముందే చెప్పేయండి.

స్థాపన తేదీకి కూడా రెండు గడులు కావాలి: క్లబ్ ఏర్పడిన తేదీ, తొలి మ్యాచ్ తేదీ. సెల్టిక్ 1887 నవంబరులో ఏర్పడింది, కానీ తొలి మ్యాచ్ 1888 మే 28న రేంజర్స్‌తో ఆడింది, 5-2తో గెలిచింది. చిహ్నం మీద ఉండేది 1888. రేంజర్స్ పుట్టింది 1872లో అయినా చాలాకాలం 1873 అనే చలామణీ అయింది. క్వీన్స్ పార్క్‌కు ఈ బెడద లేదు: 1867 జులై 9. స్కాట్లాండ్‌లో అదే అన్నింటికన్నా పాతది.

ఏ కప్పు?

"కప్పు గెలిచారు" అని ఎక్కడ కనిపించినా ఏ కప్పు అని అడగండి. స్కాటిష్ కప్ 1873-74లో 16 జట్లతో మొదలైంది. దాన్ని నడిపే స్కాటిష్ ఫుట్‌బాల్ అసోసియేషన్ పుట్టింది 1873 మార్చి 13న. లీగ్ కప్ 1946-47లో వచ్చింది. పై అంచెలో లేని లీగ్ క్లబ్‌ల కోసం ఛాలెంజ్ కప్ 1990లో, లీగ్ నూరేళ్ల సందర్భంగా మొదలైంది. 1998-99లో అది జరగలేదు. ఇవి కాక గ్లాస్గో కప్, గ్లాస్గో చారిటీ కప్, జిల్లాల కప్పులు, క్వాలిఫయింగ్ కప్ ఉన్నాయి. 19వ శతాబ్దపు పత్రికలో ఉత్త "కప్ టై" అని ఉంటే అది వీటిలో ఏదైనా కావచ్చు.

క్రికెట్ చూసి పెరిగిన మనకు ఆ "టై" అన్న మాటే మొదటి ఉచ్చు. మనకు టై అంటే స్కోర్లు సమం. అక్కడ టై అంటే డ్రాలో ఒకరికొకరు పడిన రెండు జట్ల పోరు. అందులో ఒక మ్యాచ్ ఉండొచ్చు, మూడూ ఉండొచ్చు. "డ్రా" కూడా రెండర్థాల మాటే: చీటీ తీయడమూ డ్రానే, సమంగా ముగియడమూ డ్రానే. "స్క్రాచ్డ్" అంటే జట్టు పోటీ నుంచి తప్పుకుంది. "బై" అంటే ప్రత్యర్థి లేకుండానే పై రౌండ్‌కు వెళ్లింది.

రెండో ఉచ్చు "జూనియర్" అన్న మాట. స్కాటిష్ జూనియర్ కప్ పిల్లల పోటీ కాదు. 1886-87లో మొదలైన ఆ కప్పు ఆడేది పెద్దవాళ్లే. జూనియర్ అనేది సీనియర్ వ్యవస్థకు బయట ఎదిగిన మరో వ్యవస్థ పేరు. "కుర్రాళ్ల కప్" అని అనువదిస్తే అర్థమే మారిపోతుంది. 2007-08 నుంచి జూనియర్ కప్ విజేతకూ, పెద్ద జూనియర్ లీగ్‌ల విజేతలకూ స్కాటిష్ కప్‌లో చోటు దొరికింది. అందుకే ఆ తర్వాతి రికార్డుల్లో ఒకే క్లబ్ ఒకే సీజన్‌లో రెండు కప్పుల్లోనూ కనిపిస్తుంది. అది అచ్చుతప్పు కాదు.

పాత స్కాటిష్ క్లబ్‌లు ఇంగ్లండ్ ఎఫ్ఏ కప్ కూడా ఆడాయి. క్వీన్స్ పార్క్ 1884, 1885 ఫైనల్స్‌లో బ్లాక్‌బర్న్ రోవర్స్ చేతిలో ఓడింది. 1887లో స్కాటిష్ అసోసియేషన్ తన క్లబ్‌లను అందులో ఆడకుండా ఆపేసింది. ఎఫ్ఏ కప్ ఫలితాలకు వేరే పేజీ పెట్టండి. అన్నట్టు, పోటీగా ఎఫ్ఏ కప్ పాతది (1871-72). కానీ నేటికీ అదే వెండి పాత్ర కొనసాగుతున్నది స్కాటిష్ కప్‌లోనే. "ప్రపంచంలోనే పాతది" అని రాసేటప్పుడు పోటీయా, పాత్రా అన్నది చెప్పి తీరాలి.

పట్టిక గీయడం

ఒక్కో మ్యాచ్‌కు ఒక్కో వరుస ఇవ్వండి, టైకి కాదు. 1910 ఫైనల్‌లో డండీ, క్లైడ్ 2-2, 0-0, 2-1తో మూడుసార్లు ఆడాయి. డండీ గెలిచిన ఒకే ఒక్క స్కాటిష్ కప్ అది. దాన్ని ఒక్క వరుసలో "2-1" అని రాస్తే రెండు మ్యాచ్‌లు మాయమైపోతాయి, ఆటగాళ్ల మ్యాచ్‌ల లెక్కా పడిపోతుంది. వరుసలో ఉండాల్సిన గడులు ఇవి: సీజన్, తేదీ, పోటీ, రౌండ్, ఎన్నో మ్యాచ్, ప్రత్యర్థి, మైదానం, 90 నిమిషాల స్కోరు, ఎక్స్‌ట్రా టైమ్ తర్వాతి స్కోరు, పెనాల్టీలు, మ్యాచ్ హోదా, టై ఫలితం, ప్రేక్షకులు, ఆధారం. మొత్తం 14. ఎక్కువనిపిస్తుంది కానీ ఒక్కటి తీసేసినా తర్వాత మళ్లీ మొదటి నుంచి రావాలి.

వీటిలో ప్రాణం లాంటిది "మ్యాచ్ హోదా". అందులో నాలుగు మాటలు చాలు: చెల్లింది, రద్దయింది, వాకోవర్ (ప్రత్యర్థి రాకపోవడంతో ఆడకుండానే గెలుపు), నిలిచిపోయింది (మధ్యలో ఆగింది). 1889 ఫైనల్‌నే చూడండి. ఫిబ్రవరి 2న గ్లాస్గోలోని హాంప్డెన్ మైదానం మంచుతో నిండిపోయింది. మైదానం కప్ మ్యాచ్‌కు పనికిరాదని ఆటకు ముందే అభ్యంతరం నమోదైంది. ఆడారు, థర్డ్ లానర్క్ 3-0తో గెలిచింది. దాన్ని ఫ్రెండ్లీగా లెక్కగట్టి ఫిబ్రవరి 9న మళ్లీ ఆడించారు. థర్డ్ లానర్క్ 2-1తో మళ్లీ గెలిచింది. పట్టికలో రెండు వరుసలు: మొదటిదానికి "రద్దయింది", రెండోదానికి "చెల్లింది". 1892లో సెల్టిక్ 1-0తో క్వీన్స్ పార్క్‌ను ఓడించిన ఫైనల్ కూడా జనం మైదానంలోకి వచ్చేయడంతో చెల్లలేదు. మళ్లీ ఆడితే 5-1.

1879కి వస్తే 1-1 మ్యాచ్ వరుస "చెల్లింది". తమ రెండో గోల్‌ను రెఫరీ ఒప్పుకోలేదని రేంజర్స్ ఫిర్యాదు చేసింది, అది వీగిపోయింది, రీప్లేకు (మళ్లీ ఆడే మ్యాచ్‌కు) రేంజర్స్ రాలేదు. రెండో వరుసలో స్కోరు గడి ఖాళీగా వదిలి, హోదా "వాకోవర్" అని, టై ఫలితం "వేల్ ఆఫ్ లీవెన్ విజేత" అని రాయాలి. 1-0 అనో 3-0 అనో కల్పించకూడదు. 1884లో వేల్ ఆఫ్ లీవెన్ వంతు వచ్చింది: ఫైనల్ వాయిదా వేయమని అడిగితే కుదరదన్నారు, జట్టు రాలేదు, కప్పు క్వీన్స్ పార్క్‌కు ఇచ్చేశారు. అసలు మ్యాచే లేదు కనుక అక్కడ ఒక్కటే వరుస.

1909 అన్నింటికన్నా కఠినం. ఏప్రిల్ 10న 2-2, ఏప్రిల్ 17న 1-1. రెండో మ్యాచ్ డ్రా కాగానే ఎక్స్‌ట్రా టైమ్ ఉంటుందని జనం ఎదురుచూశారు. నిబంధనల ప్రకారం అది లేదు. అల్లర్లు చెలరేగాయి, నిప్పులు పెట్టారు. మూడో మ్యాచ్ వద్దని రెండు క్లబ్‌లూ కోరాయి, అసోసియేషన్ కప్పును ఎవరికీ ఇవ్వలేదు. రెండు మ్యాచ్‌లూ చెల్లాయి, గోల్స్ లెక్కలోకి వస్తాయి, విజేత గడిలో "ఇవ్వలేదు". "ఉమ్మడి విజేతలు" అని రాస్తే తప్పు. ఉమ్మడి విజేతలు నిజంగా ఉన్నది లీగ్‌లో: తొలి సీజన్ 1890-91లో డంబార్టన్, రేంజర్స్ 29 పాయింట్లతో సమంగా నిలిచి, ప్లేఆఫ్ కూడా 2-2 కావడంతో టైటిల్ పంచుకున్నాయి.

పెనాల్టీలతో తేలిన మ్యాచ్ గెలుపోటముల లెక్కలో డ్రాగానే ఉంటుంది. ఫైనల్ మొదటిసారి అలా తేలింది 1990లో: అబర్డీన్, సెల్టిక్ 0-0, షూటౌట్‌లో అబర్డీన్ 9-8. 2025లో మళ్లీ అవే జట్లు, 1-1, మళ్లీ అబర్డీనే, 4-3. షూటౌట్ గోల్స్‌ను ఆటగాళ్ల గోల్స్‌లో కలపకండి.

1885 సెప్టెంబరు 12 నాటి ఆర్‌బ్రోత్ 36-0 బాన్ అకార్డ్ స్కోరును అందరూ ఎత్తి రాస్తారు. ఆ మధ్యాహ్నమే డండీ హార్ప్ 35-0తో అబర్డీన్ రోవర్స్‌ను ఓడించిందన్నది చాలామంది వదిలేస్తారు. హార్ప్ గోల్స్ మీద 37 అన్న లెక్క కూడా చెబుతుంటారు. పట్టికలోకి 35 వెళ్లాలి, 37 కింద వివరణలోకి. అప్పటికి గోల్‌పోస్టులకు వలలు లేవన్నది గుర్తుంటే, గోల్స్ మీద ఇన్ని తగాదాలు ఎందుకొచ్చాయో తెలుస్తుంది. బాన్ అకార్డ్ నిజానికి క్రికెట్ క్లబ్ అంటూ అల్లుకున్న కథను మాత్రం రికార్డులోకి రానివ్వకండి.

ఏది మొదటి జట్టు మ్యాచో కూడా చూడాలి. కలకత్తా మహమ్మడన్ స్పోర్టింగ్ నుంచి వెళ్లిన మహమ్మద్ సలీం 1936లో పాదాలకు కట్లు మాత్రమే కట్టుకుని సెల్టిక్ చొక్కాలో ఆడాడు. మనవాళ్లకు అది గర్వకారణమే. కానీ హామిల్టన్, గాల్‌స్టన్‌లతో అతను ఆడినవి అలయన్స్ జట్టు (రిజర్వు జట్టు) మ్యాచ్‌లు. స్కాటిష్ లీగ్, స్కాటిష్ కప్ లెక్కలో అతని పేరు చేర్చితే మిగతా పట్టికను కూడా ఎవరూ నమ్మరు.

సీజన్ రాయడం

"1984 లీగ్ కప్" అని రాయకండి. ఆ ఏడాది రెండు ఫైనల్స్ జరిగాయి: మార్చి 25న 1983-84ది, అక్టోబరు 28న 1984-85ది. రెండూ రేంజర్సే గెలిచింది, ఒకటి సెల్టిక్ మీద, ఇంకొకటి డండీ యునైటెడ్ మీద. ఒక్క సంవత్సరమే రాస్తే ఒక కప్పు ఎగిరిపోతుంది. లీగ్ కప్ ఫైనల్ కొన్ని కాలాల్లో శరదృతువులో, కొన్నింటిలో వసంతంలో జరిగింది కాబట్టి ఈ చిక్కు మళ్లీ మళ్లీ వస్తుంది: 2016లో మార్చిలో రాస్ కౌంటీ, నవంబరులో సెల్టిక్. స్కాటిష్ కప్‌లో ఇలాంటిది అరుదు. 2019-20 ఫైనల్ మాత్రం కోవిడ్ వల్ల 2020 డిసెంబరు 20న జరిగింది. అందుకే ఎప్పుడూ సీజన్‌ను రెండు సంవత్సరాలతో రాసి, తేదీ విడిగా ఇవ్వండి.

లీగ్ కప్‌కు స్పాన్సర్ పేర్లు మరో తలనొప్పి. స్కోల్ కప్, కోకా-కోలా కప్, సీఐఎస్ ఇన్సూరెన్స్ కప్, బెట్‌ఫ్రెడ్ కప్, వయాప్లే కప్, ప్రీమియర్ స్పోర్ట్స్ కప్ అన్నీ ఒకటే. పోటీ గడిలో "లీగ్ కప్" అనే రాసి, స్పాన్సర్‌ను పక్కన పెట్టండి.

మైదానం, జనం

"హాంప్డెన్" అని మాత్రమే రాస్తే చాలదు. మూడు హాంప్డెన్‌లు ఉన్నాయి. మొదటిది 1873 నుంచి. క్వీన్స్ పార్క్ 2-0తో క్లైడ్స్‌డేల్‌ను ఓడించిన 1874 మార్చి 21 నాటి తొలి ఫైనల్ అక్కడే. రెండోది 1884 నుంచి. తర్వాత థర్డ్ లానర్క్ చేతికి వచ్చి కాథ్‌కిన్ పార్క్ అయింది. నేటిది 1903 అక్టోబరు 31న తెరిచారు. అన్ని ఫైనల్స్ హాంప్డెన్‌లో జరిగాయనుకోవడమూ పొరపాటే. 1896లో హార్ట్స్ (హార్ట్ ఆఫ్ మిడ్లోథియన్) 3-1తో హిబ్స్‌ను (హిబర్నియన్‌ను) ఓడించిన ఫైనల్ ఎడిన్‌బరాలోని లోగీ గ్రీన్‌లో జరిగింది; గ్లాస్గో దాటి వెళ్లిన ఒకే ఒక్క ఫైనల్ అది. స్థలం ఎక్కడో అర్థం కాకపోతే నేషనల్ లైబ్రరీ ఆఫ్ స్కాట్లాండ్ వెబ్‌సైట్‌లో పాత సర్వే పటాలను నేటి పటం మీద పరిచి చూడొచ్చు.

ప్రేక్షకుల సంఖ్యను గుండ్రంగా చేయకండి. 1937 ఫైనల్‌కు (సెల్టిక్ 2, అబర్డీన్ 1) 1,47,365 అన్న అంకె ఎక్కువగా కనిపిస్తుంది, 1,46,433 అన్నదీ కనిపిస్తుంది. ఒకటి పట్టికలో, ఇంకొకటి వివరణలో ఉంచండి. సగటు తీయకండి.

పత్రికలు చదవడం

ఆ రోజుల్లో మ్యాచ్‌లు శనివారం, వివరమైన వార్త సోమవారం పత్రికలో. అందుకే పత్రిక తేదీ నుంచి రెండు రోజులు వెనక్కి లెక్కపెట్టండి. ఈ ఒక్క పొరపాటే చాలా తేదీలను చెడగొడుతుంది. గ్లాస్గో హెరాల్డ్ ముఖ్య ఆధారం. 1880ల నుంచి స్కాటిష్ అథ్లెటిక్ జర్నల్, స్కాటిష్ రెఫరీ వంటి ఆటల పత్రికలు తోడవుతాయి. గ్లాస్గోలో ఉన్నవాళ్లకు మిచెల్ లైబ్రరీ దగ్గర. ఇక్కడి నుంచి చేసేవాళ్లకు బ్రిటిష్ న్యూస్‌పేపర్ ఆర్కైవ్ చందా ఒక నెలకు తీసుకుని, ముందే తయారుచేసుకున్న తేదీల జాబితాతో కూర్చోవడం చౌక. వెతికేటప్పుడు ఒకే పేరును రకరకాలుగా ప్రయత్నించండి. పాత అచ్చును యంత్రం తప్పుగా చదువుతుంది, అందుకే క్లబ్ పేరుతో దొరకనిది మైదానం పేరుతో దొరుకుతుంది. మ్యాచ్ వార్త దొరికాక ఆగిపోకండి. తర్వాతి రెండు వారాల్లో అసోసియేషన్ కమిటీ సమావేశం వార్త కూడా చదవాలి, ఎందుకంటే ఫిర్యాదు తీర్పు అక్కడే ఉంటుంది.

పేర్లను తెలుగులో రాయడం

క్లబ్ పేరు సెల్టిక్, కెల్టిక్ కాదు. కెల్టిక్ అనేది భాషలకూ జాతులకూ. కర్కాడీ (Kirkcaldy) అనే ఊరి పేరును అక్షరాలు చూసి "కిర్క్‌కాల్డీ" అని రాస్తే స్థానికులకు అర్థం కాదు. లీవెన్‌లో దీర్ఘం ఉంది. పేరు చూసి ఊరు ఊహించకండి: సెయింట్ జాన్‌స్టన్ ఆడేది పెర్త్‌లో, రెయిత్ రోవర్స్ కర్కాడీలో, సెయింట్ మిరెన్ పెయిజ్లీలో, క్వీన్ ఆఫ్ ది సౌత్ డంఫ్రీస్‌లో. పార్టిక్ థిజిల్ 1909 నుంచి పార్టిక్‌లో కాక మేరీహిల్‌లోని ఫర్‌హిల్‌లో ఆడుతోంది.

లెక్క సరిచూడటం

నాకౌట్‌లో 16 జట్లుంటే 15 టైలు. జట్ల సంఖ్యలో ఒకటి తీసేస్తే టైల సంఖ్య రావాలి. తొలి ఏళ్లలో ఇది కుదరకపోతే కంగారు పడకండి. రీప్లే కూడా డ్రా అయితే రెండు జట్లనూ పై రౌండ్‌కు పంపిన సందర్భాలున్నాయి.

పెద్ద పరీక్ష ఇది. 1874 నుంచి 2025 దాకా 152 ఏళ్లు. ప్రపంచ యుద్ధాల వల్ల జరగని ఏళ్లు, 1915 నుంచి 1919 వరకు 5, 1940 నుంచి 1946 వరకు 7 తీసేస్తే స్కాటిష్ కప్ 140 సార్లు జరిగింది. 1909 పోతే విజేతలు 139. ఇప్పుడు క్లబ్‌ల వైపు నుంచి కూడండి: సెల్టిక్ 42, రేంజర్స్ 34, క్వీన్స్ పార్క్ 10, అబర్డీన్, హార్ట్స్ చెరో 8, కలిపి 102. మూడేసి గెలిచినవి ఐదు (హిబ్స్, కిల్మార్నాక్, వేల్ ఆఫ్ లీవెన్, క్లైడ్, సెయింట్ మిరెన్), అంటే 15. రెండేసి గెలిచినవి ఏడు (డండీ యునైటెడ్, సెయింట్ జాన్‌స్టన్, మదర్‌వెల్, థర్డ్ లానర్క్, డన్‌ఫర్మ్లిన్, ఫాల్కర్క్, రెంటన్), అంటే 14. ఒక్కోటి గెలిచినవి ఎనిమిది: డంబార్టన్, సెయింట్ బెర్నార్డ్స్, డండీ, ఎయిర్‌డ్రియోనియన్స్, మోర్టన్, పార్టిక్ థిజిల్, ఈస్ట్ ఫైఫ్, ఇన్వర్‌నెస్. మొత్తం 139.

మీ మొత్తం తేడా వస్తే దొంగను పట్టుకోవడం తేలికే. రేంజర్స్‌కు 35 వస్తే స్కాటిష్ కప్ లెక్కలోకి రాని 1940 వార్ ఎమర్జెన్సీ కప్పో, 1946 విక్టరీ కప్పో లోపలికి జొరబడింది. 36 వస్తే రెండూ. సెయింట్ మిరెన్‌కు 4 వస్తే 1919 విక్టరీ కప్. క్వీన్స్ పార్క్‌కు 9, వేల్ ఆఫ్ లీవెన్‌కు 2 వస్తే వాకోవర్ వరుసలు జారిపోయాయి. సెల్టిక్, రేంజర్స్ రెండింటికీ ఒక్కోటి ఎక్కువైతే 1909ని ఉమ్మడి విజయంగా వేశారు.